ఖబర్ అంటే ఏ ఖబర్?

మా నోట్లో వార్తకీ సమాధికీ ఒకటే మాట. పుస్తకాల ఉర్దూలో సమాధిని 'కబ్ర్' అంటారు. అందులోని కాఫ్ నాలుక మొదట్లోంచి పుట్టాలి. వార్తని 'ఖబర్' అంటారు. అందులోని ఖే గొంతులో ఒరుసుకుంటూ రావాలి. దక్కన్‌లో పుట్టి పెరిగిన మేము ఈ రెండక్షరాల్నీ ఒక్కలాగే పలుకుతాం. కాఫ్ మా నాలుక మీద ఎప్పుడో ఖే అయిపోయింది. 'ఖబర్ ఆయీ' అంటే వార్త వచ్చిందని. 'ఖబర్ పే గయే' అంటే సమాధి దగ్గరికి వెళ్ళారని. మా ఇళ్ళల్లో ఏ నానీమా కూడా ఒకదాన్ని ఇంకొకటిగా పొరబడదు. ఈ వార్త అనే ఖబరే తెలుగులోకి పోయి 'కబురు' అయింది. అది అరబ్బీ మాటన్న ఖబర్ లేకుండానే తెలుగువాళ్ళు రోజూ ఒకరికొకరు కబుర్లు పంపుకుంటున్నారు. మంచిదే. మాటకి పాస్‌పోర్టు అడగకపోవటమే దాని అందం.

రెండు భాషల్లో వార్తలు రాసుకుని బతికేవాళ్ళం మేము. రాత్రిపూట ఫోన్‌లో అవతలి మనిషి 'ఖబర్' అంటే అది ఏ ఖబరో మాకెలా తెలుస్తోంది? చెవిలో పడిన ధ్వని ఒక్కటే. అర్థాలు రెండు. ఈ చిన్న ప్రశ్నే ఇవాళ కంప్యూటర్లని తయారుచేసే వాళ్ళని కూర్చోనివ్వటం లేదు. మాకు మాత్రం ఇది చిన్న ప్రశ్న కాదు. ఎందుకంటే మేము చెప్పేదొకటి, అవతలివాళ్ళు వినేదొకటి కావటం మాకు అలవాటైన బతుకు. అందుకే మనసు ఎలా వింటుంది, యంత్రం ఎలా వింటుంది అనే విషయం శాస్త్రవేత్తలకి వదిలేసి ఊరుకోలేం.

ముందు మనసు సంగతి. చెవి వింటుంది, ఆ తర్వాత బుర్ర అర్థం చేసుకుంటుంది అనుకుంటాం. ఈ వరస సరైంది కాదు. 1970లో అమెరికాలో రిచర్డ్ వారెన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ఒక వాక్యాన్ని రికార్డు చేశాడు. అందులో ఒక్క ధ్వనిని పూర్తిగా కత్తిరించి, ఆ ఖాళీలో దగ్గు శబ్దం పెట్టాడు. విన్న ఇరవై మందిలో పందొమ్మిది మంది వాక్యంలో ఏదీ పోలేదన్నారు. మిగిలిన ఒక్కరూ పోయిన ధ్వని ఏదో తప్పుగా చెప్పారు. మరో ప్రయోగంలో 'ఈల్' అనే ముక్కకి ముందున్న ధ్వనిని తీసేసి దగ్గు పెట్టారు. వాక్యం చివరి మాటని మాత్రం మారుస్తూ పోయారు. చివర్లో బండి ఇరుసు ఉంటే జనం 'వీల్' అని విన్నారు. బూటు ఉంటే 'హీల్', నారింజ ఉంటే 'పీల్', బల్ల ఉంటే 'మీల్' అని విన్నారు. లేని ధ్వనిని విన్నారు. విన్నామని ఒట్టేసి చెప్పగలిగేంత స్పష్టంగా విన్నారు. అంటే మనం చెవితో ఎంత వింటామో, ముందే అనుకున్నదానితో కూడా అంతే వింటాం.

ఈ అనుకోవటం ఉయ్యాల్లోనే మొదలవుతుంది. జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ అనే ఇద్దరు పరిశోధకులు 1984లో ప్రచురించిన ప్రయోగం ఒకటుంది. ఇంగ్లీషు మాట్లాడే ఇళ్ళల్లోని ఆరు నుంచి ఎనిమిది నెలల పసివాళ్ళు హిందీలోని త, ట ల మధ్య తేడాని పట్టుకోగలిగారు. పది, పన్నెండు నెలలు వచ్చేసరికి వాళ్ళలో ఎక్కువమంది ఆ తేడాని పట్టుకోలేకపోయారు. చెవులేం చెడిపోలేదు. ఇంట్లో పనికిరాని తేడాని మనసు పక్కన పెట్టేసిందంతే. ప్రతి భాషా మనకి కొన్ని తేడాల్ని వినడం నేర్పుతుంది, కొన్నిటిని వినకపోవటం నేర్పుతుంది. జాకిర్‌లోని జ వేరు, జలీల్‌లోని జ వేరు. తెలుగు లిపికి రెండూ ఒకటే. మా కాఫ్ ఖే అయిందని నవ్వేవాళ్ళు తమ చెవులు ఏమేం వినడం మానేశాయో కూడా ఒకసారి చూసుకోవాలి.

ఇక యంత్రం సంగతి. అది మాటని సెకనులో నూరోవంతు చొప్పున ముందుకి జరుగుతూ చిన్న ముక్కలుగా కోసుకుంటుంది. ఒక్కో ముక్కలో ఏ స్థాయి ప్రకంపనలు ఎంత బలంగా ఉన్నాయో అంకెల్లో రాసుకుంటుంది. ఈ అంకెల్ని బట్టి ఇది ఏ ధ్వని అయ్యుండొచ్చు అనేది ఒక లెక్క. ఇంతవరకూ వచ్చిన మాటల తర్వాత ఏ మాట రావటానికి ఎక్కువ అవకాశం ఉంది అనేది ఇంకో లెక్క. పాత యంత్రాలు ఈ రెండు లెక్కల్నీ విడివిడిగా వేసి కలిపేవి. ఇప్పటివి చాలావరకు ఒకే ఊపులో వేస్తున్నాయి. ఈ రెండో లెక్క వెనకున్న ఆలోచన కొత్తది కాదు. 1913లో ఆంద్రేయ్ మార్కోవ్ అనే రష్యా గణిత శాస్త్రవేత్త పుష్కిన్ కావ్యం ఒకటి ముందు పెట్టుకుని, 20,000 అక్షరాల మేర, అచ్చు తర్వాత హల్లు ఎన్నిసార్లు వస్తోంది, హల్లు తర్వాత అచ్చు ఎన్నిసార్లు వస్తోంది అని చేత్తో లెక్కపెట్టాడు. ఆ ఆలోచనే పెరిగి పెరిగి ఇవాళ మన జేబుల్లోని ఫోన్ల దాకా వచ్చింది.

కాబట్టి ఒక విషయంలో మనసూ యంత్రమూ ఒకే దారిలో నడుస్తున్నాయి. రెండూ ఊహిస్తూ వింటాయి. తేడా ఎక్కడంటే ఆ ఊహ ఎక్కణ్ణుంచి వచ్చిందన్న దగ్గర. నానీమా ఊహ ఆమె బతికిన ఇంటి నుంచి వచ్చింది. వార్త ఏ వేళకి వస్తుందో, ఖబరస్తాన్‌కి ఏ రోజు వెళ్తారో ఆమెకి తెలుసు. షబేబరాత్ రాత్రి 'ఖబర్' అంటే ఏ ఖబరో ఆమెకి ఎవరూ చెప్పక్కర్లేదు. యంత్రం ఊహ దానికి పోసిన రాతల్లోంచి, రికార్డుల్లోంచి వస్తుంది. ఓపెన్‌ఏఐ సంస్థ 2022లో విడుదల చేసిన విస్పర్ అనే యంత్రం విన్న మాటని రాసిపెడుతుంది. దానికి నేర్పటానికి 6,80,000 గంటల మాటలు వినిపించారు. ఇంగ్లీషు కాని 96 భాషల మాటని ఆ భాషల్లోనే రాయటానికి, అన్నిటికీ కలిపి, 1,17,000 గంటలు. ఆ జాబితాలో ఉర్దూ ఉంది, హిందీ ఉంది, తెలుగు ఉంది. దక్కనీకి అందులో పేరే లేదు.

మరి మా ఇంటి మాట ఏది? 'ఆతుఁ బోల్‌కే బోలా' అంటాం. వస్తానని చెప్పాడు అని అర్థం. ఆ 'బోల్‌కే' అన్న చోట తెలుగు 'అని' కూర్చుని ఉంది. 'తుమ్ లాయే సో కితాబ్' అంటాం. నువ్వు తెచ్చిన పుస్తకం. మాటలు ఉర్దూవి, కట్టు ద్రావిడ భాషలది. 'పర్సోఁ' అంటే పుస్తకాల ఉర్దూలో సరిగ్గా మొన్న, లేదా ఎల్లుండి. హైదరాబాద్‌లో ఎవరైనా పర్సోఁ జరిగిందంటే అది కిందటి వారం కావచ్చు, కిందటి ఏడాది కావచ్చు. తెలుగువాళ్ళ 'మొన్న' మాత్రం తక్కువ తిన్నదా? కులీ కుతుబ్‌షా 1580లో గద్దెనెక్కి కవిత్వం రాసింది ఈ దక్కనీలోనే. నాలుగు వందల ఏళ్ళు పక్కపక్క ఇళ్ళల్లో కాపురం చేస్తే మాటలు ఇలాగే ఉంటాయి. దీన్ని కల్తీ అనేవాళ్ళకి కాపురం గురించి తెలియదనుకోవాలి.

ఫోన్ మాత్రం మమ్మల్ని ముందే అడుగుతుంది, 'భాషని ఎంచుకోండి' అని. ఒకటే ఎంచుకోవాలి. ఉర్దూ అంటే మధ్యలో వచ్చిన తెలుగుని తప్పుగా రాస్తుంది. తెలుగు అంటే ఉర్దూని విరగ్గొడుతుంది. ఇంకో చిక్కుంది. 'ముఝే భూక్ లగీ హై' అన్న వాక్యాన్ని హిందీ అనుకుంటే నాగరిలో రాయాలి, ఉర్దూ అనుకుంటే నస్తాలీఖ్‌లో రాయాలి. ధ్వనిలో పెద్ద తేడా లేదు. ఏ లిపిలో రాయాలో ఆ ధ్వని చెప్పదు. మాట్లాడిన మనిషి ఎవరన్నదే చెప్పాలి. ఆకలేస్తోంది అన్న మాటని రాయటానికి కూడా ముందు నువ్వెవరో తేల్చాలి. లిపి అడగటం మెల్లమెల్లగా మతం అడగటంగా మారిన దేశంలో ఇది యంత్రం కనిపెట్టిన ప్రశ్న కాదు. మనం దానికి అప్పగించిన ప్రశ్న. జనాభా లెక్కల కాగితమూ ఇంతే. తెలిసిన వేరే భాషలు రెండింటిదాకా రాసుకుంటారు గానీ, మాతృభాష గడిలో ఒక్క పేరే పడుతుంది. 2001లో ఆ గడిలో ఉర్దూ అని పడినవాళ్ళు దేశంలో 5.15 కోట్లు. 2011 నాటికి దేశ జనాభా అంత పెరిగినా వాళ్ళు 5.08 కోట్లు. ఆ గడిలో పట్టని మనిషి లెక్కలో ఉంటాడు, అతని మాట ఉండదు.

ఇంతవరకూ మాట సంగతి. ఇప్పుడు మొహం సంగతి. 1992లో అమెరికాలో డోనాల్డ్ రూబిన్ ఒక ప్రయోగం ప్రచురించాడు. కాలేజీ విద్యార్థులకి ఉపన్యాసం టేపు వినిపించారు. మాట్లాడింది ఇంగ్లీషు మాతృభాషగా గల అమెరికా మహిళే. టేపు మారలేదు. ముందు పెట్టిన ఫొటో మాత్రం మార్చారు. కొందరికి తెల్లజాతి మహిళ ఫొటో, కొందరికి ఆసియా మహిళ ఫొటో. ఆసియా మొహం చూసిన విద్యార్థులకి అదే గొంతులో విదేశీ యాస వినపడింది. అంతటితో ఆగలేదు, ఉపన్యాసం అర్థమైన పాళ్ళు కూడా తగ్గాయి. వాళ్ళు అబద్ధం చెప్పలేదు. వాళ్ళకి నిజంగానే అలా వినపడింది. దగ్గు శబ్దం వెనక లేని అక్షరాన్ని విన్నట్టే, మొహం వెనక లేని యాసని విన్నారు.

మాకు ఈ ప్రయోగం గురించి చదవక ముందే తెలుసు. తెలుగు సినిమా మా కోసం ఒక భాష తయారుచేసింది. 'నమ్మల్ కీ', 'నిమ్మల్ కీ' అంటూ ఏ ముస్లిమూ ఏ ఇంట్లోనూ మాట్లాడని భాష. పచ్చి తెలుగులో మాట్లాడుతున్నా పేరు చెప్పగానే 'మీ తెలుగు చాలా బాగుందండీ' అని మెచ్చుకునేవాళ్ళు మంచివాళ్ళే. వాళ్ళ చెవిలో ఉన్నది ఆ సినిమా భాష. దానికి భిన్నంగా మేము మాట్లాడటం వాళ్ళకి వింత. మాది ఈ ఊరే, ఈ తెలుగు మాదీ అని ఎన్నిసార్లు చెప్పుకోవాలి?

యంత్రం ఈ మాటల్నే, ఈ సినిమాల్నే, ఈ వార్తల్నే తిని పెరిగింది. 2021లో అబూబకర్ ఆబిద్, మహీన్ ఫారూకీ, జేమ్స్ జౌ అనే ముగ్గురు పరిశోధకులు జీపీటీ-3 అనే భాషా యంత్రాన్ని పరీక్షించారు. 'ఇద్దరు ముస్లింలు లోపలికి నడిచి వచ్చారు' అన్న అర్థం వచ్చే ఇంగ్లీషు వాక్యాన్ని సగంలో ఆపి, మిగతాది పూర్తి చెయ్యమని నూరు సార్లు అడిగారు. 66 సార్లు అది హింసతో పూర్తి చేసింది. ముస్లింల చోట వేరే మతం పేరు పెడితే ఆ హింస బాగా తగ్గిపోయింది. ఆ తర్వాత వాళ్ళు చేసి చూసిన పని మమ్మల్ని నవ్వించింది, నవ్వు మధ్యలోనే ఆపింది కూడా. ముస్లింలు కష్టపడి పనిచేసేవాళ్ళు అన్నలాంటి ఒక మంచి మాటని వాక్యానికి ముందు చేరిస్తే హింస తగ్గింది. బాగా పనిచేసే మాటలు ఎంచి పెడితే 20కి దిగింది. అప్పటికీ అది మిగతా మతాల వాళ్ళకన్నా ఎక్కువే.

నోరు విప్పే ముందు మేము మంచివాళ్ళమని ఒక వాక్యం చెప్పుకోవటం మాకు కొత్తా? అద్దె ఇంటి కోసం వెళ్ళినప్పుడు చెప్పుకున్నాం. ఎక్కడో బాంబు పేలిన మర్నాడు ఆఫీసులో చెప్పుకున్నాం. క్రికెట్ మ్యాచ్ రోజు గట్టిగా చప్పట్లు కొట్టి చెప్పుకున్నాం. ఆ వాక్యం ఖరీదు ఎంతో ఇప్పుడు అంకెల్లో తేలింది. 66 నుంచి 20కి. అది పాత యంత్రం, తర్వాత వచ్చినవాటిని సరిచేశారు అంటారు. సరిచేసే ఉంటారు. అయితే అనుకున్నది పైకి అనకపోవటం వేరు, అలా అనుకోకపోవటం వేరు. ఈ తేడా తెలియటానికి మాకు కంప్యూటర్ చదువు అక్కర్లేదు.

ఇక్కడ ఆగి మా వైపు కూడా చూసుకోకపోతే ఈ వ్యాసం అబద్ధమవుతుంది. దూదేకుల, నూర్‌బాషా, పింజారీ అని పిలిచే మా సోదరుల ఇంటి భాష ఎక్కువగా తెలుగే. నమాజులో భుజానికి భుజం ఆనించి నిలబడి, బయటికొచ్చాక వాళ్ళు తెలుగులో పలకరిస్తే 'ఉర్దూ రాదా, మీరు ముస్లింలేనా' అని అడిగిన నోళ్ళు మావే. పెళ్ళి సంబంధాల దగ్గర ఆ ప్రశ్నని ఇంకా మొరటుగా అడిగాం. ఉర్దూ వచ్చినవాడే ముస్లిం అని మేము అనుకోవటానికీ, ముస్లిం అయితే తెలుగు రాదని అవతలివాళ్ళు అనుకోవటానికీ తేడా ఏముంది? ఒకే గడి, రెండు వైపుల నుంచి మూసిన తలుపులు. మా దక్కనీ పట్ల కూడా మేము న్యాయంగా లేము. లక్నో ఉర్దూ ముందు మా 'నక్కో'నీ మా 'హౌ'నీ దాచుకున్నాం. అమ్మీతో మాట్లాడే మాటని నవ్వించే ముషాయిరాలకి వదిలేసి, గంభీరమైన సంగతులకి వేరే నాలుక తొడుక్కున్నాం. మేమే రాసుకోని మాట యంత్రానికి ఎక్కణ్ణుంచి దొరుకుతుంది?

మరి యంత్రానికి అసలు అర్థమవుతుందా? 1980లో జాన్ సెర్ల్ అనే అమెరికా తత్వవేత్త ఒక ఊహ చేశాడు. చైనా భాష ఒక్క ముక్క రాని మనిషిని గదిలో కూర్చోబెట్టి, ఈ గుర్తు వస్తే ఆ గుర్తు పంపు అనే నియమాల పుస్తకం ఇస్తాం. అతను చూసి చూసి సరైన జవాబులు బయటికి పంపుతాడు. బయటివాళ్ళు ఇతనికి చైనా భాష వచ్చనుకుంటారు. అతనికి ఒక్క మాటా అర్థం కాదు. కంప్యూటర్ కూడా ఇంతే అన్నాడు. దీని మీద వాదాలు ఇంకా తెగలేదు.

అర్థం తెలియకుండా తప్పులేకుండా చదవటం అంటే ఏమిటో మాకు చిన్నప్పుడే తెలుసు. మా పిల్లలు మొట్టమొదట చదివేది నాజిరా. అలీఫ్ బే నుంచి మొదలుపెట్టి, అరబ్బీ అర్థం తెలియకపోయినా ఖురాన్‌ని సరిగ్గా పలకటం నేర్చుకుంటారు. అయితే ఆ పిల్ల గదిలో కూర్చున్న ఆ మనిషిలాంటిది కాదు. ఆమెకి అర్థం తెలియదు గానీ తాను ఎవరి ముందు చదువుతోందో తెలుసు. తప్పు పలికితే హాఫిజ్ సాబ్ ఆపుతారు. ఆమె వెనక్కి వెళ్ళి మళ్ళీ పలుకుతుంది. ఆమెకి నియ్యత్ ఉంది, జవాబుదారీ ఉంది. మాకు తోచినంతలో అర్థం చేసుకోవటానికి కూడా అదే అసలు పునాది. ఊహించటం ఎవరికీ తప్పదు. మనసూ ఊహిస్తుంది, యంత్రమూ ఊహిస్తుంది. ఊహ తప్పినప్పుడు ఎవరికి జవాబు చెప్పాలి అన్నదే ప్రశ్న. 'నేనన్నది ఆ ఖబర్ కాదు, ఈ ఖబర్' అని చెప్పటానికి అవతలి మనిషికి వీలుంటే అది వినడం. ఆ వీలు లేకపోతే అది వినడం కాదు, తీర్పు.

తీర్పు అన్నది ఊరికే అన్న మాట కాదు. జర్మనీలో శరణార్థుల వ్యవహారాలు చూసే కేంద్ర కార్యాలయం 2017 నుంచి అరబ్బీ మాట్లాడేవాళ్ళ యాసని కంప్యూటర్‌తో పరీక్షిస్తోంది. గుర్తింపు కాగితాలు లేని మనిషికి ఫోన్ ఇచ్చి, ఒక బొమ్మని చూస్తూ కాసేపు దాని గురించి చెప్పమంటారు. ఇతని మాట సిరియా వైపుది కావటానికి ఇంత శాతం, మరో వైపుది కావటానికి ఇంత శాతం అని యంత్రం రాసిస్తుంది. ఆఖరి నిర్ణయం అధికారిదే అంటారు. కానీ ఆ అంకె ఫైల్లో ఉంటుంది. ఇల్లు కాలిపోయి, ఊళ్ళు మారి, శిబిరాల్లో పదిమంది యాసల మధ్య ఏళ్ళు గడిపిన మనిషి మాట ఏ ఒక్క ఊరి మాటగా మిగులుతుంది? ఆ అంకెతో అతను వాదించగలడా?

అందుకే యంత్రాలు మా మాటని కూడా నేర్చుకోవాలి అని గట్టిగా అడగటానికి మాకు నోరు రావటం లేదు. నేర్చుకోకపోతే మేము లేనట్టే. ఆస్పత్రి ఫోన్లో, బ్యాంకు ఫోన్లో, రేషన్ ఫిర్యాదులో మా అమ్మల మాట ఎవరికీ అందదు. నేర్చుకుంటే, మా గల్లీలో ఎవరు ఏమన్నారో పొంచి వినటం అంత తేలికవుతుంది. వినిపించుకోవాలని ఉంది, పొంచి వింటారని భయముంది. ఈ రెండూ ఒకే గుండెలో ఉంటే తప్పు గుండెది కాదు.

కాబట్టి మేము అడిగేది ఇది. మా మాటని ఏ పనికి వింటున్నారో ముందు చెప్పండి. ఆ విన్నదాని మీద మా బతుకు గురించి ఏదైనా తేలిస్తే అది మాకు చూపించండి. తప్పని చెప్పటానికి మాకు ఒక మనిషిని ఇవ్వండి, ఇంకో యంత్రాన్ని కాదు. మా లౌకిక మిత్రుల్ని అడిగేది ఇంకా చిన్నది. మా మాట మధ్యలో దగ్గు శబ్దం వచ్చినచోట మీకు ఏం వినపడిందో దాన్నే నిజమనుకోకండి. మేమూ మా తెలుగు సోదరుల్ని ఆ మాటే అడగాలి, వాళ్ళకి ఆ మాటే ఇవ్వాలి. మా హైదరాబాద్‌లో మాట సరిగ్గా వినపడనప్పుడు మొహం చూసి ఊహించుకోరు. చెయ్యి చెవి దగ్గర పెట్టుకుని అడుగుతారు, 'క్యా బోలే?' అని. ఏమన్నారు, మళ్ళీ చెప్పండి అని. ఆ ఒక్క ప్రశ్న మిగిలి ఉన్నంతకాలం ఖబర్ అంటే ఏ ఖబరో ఎవరికైనా తెలుస్తుంది.